ఒకే ముఖం - ఎందరో మనుషులు



సినిమా చూసి ఇంటికొచ్చాక హీరో గురించీ, హీరోయిన్ కట్టిన చీరల గురించీ తనివితీరా మాట్లాడుకుంటాం. మరి అందులో తండ్రిగానో, వడ్డీ వ్యాపారిగానో, ఊరిపెద్దగానో వేసి కథ బరువంతా మోసినవాణ్ణి? "క్యారెక్టర్ యాక్టర్" అని ఒక్కమాటతో సరిపెట్టేస్తాం. అలాంటి ఒక నటుణ్ణి గురించి ఈవేళ చెబుతాను. ఆయన బెల్జియం దేశస్థుడు. పేరు యాన్ డెక్లైర్.

బెల్జియం చిన్న దేశమే అయినా దక్షిణాన ఫ్రెంచి, ఉత్తరాన డచ్చి మాట్లాడతారు. ఉత్తర భాగాన్ని ఫ్లాండర్స్ అనీ, అక్కడివాళ్లను ఫ్లెమిష్ వాళ్లనీ అంటారు. వాళ్ల జనాభా 70 లక్షలకు లోపే. చూసేవాళ్లు అంత కొద్దిమంది ఉన్నచోట ఒకే రకం వేషాలు పట్టుకు కూర్చుంటే నటుడి ఇంట పొయ్యిలో పిల్లి లేవదు. నాటకమూ ఆడాలి, సినిమాలోనూ వెయ్యాలి, టెలివిజన్‌లోనూ కనిపించాలి. ఇవాళ దేవుడైతే రేపు దెయ్యమూ కావాలి.

డెక్లైర్ 1946లో ఆంట్వెర్ప్ నగరం దగ్గర నీల్ అనే ఊళ్లో పుట్టారు. ఇటుక బట్టీలకు పేరుపడ్డ ప్రాంతం అది. సోదరుడు డర్క్, సోదరి రైన్‌హిల్డె కూడా నటులే. ఆంట్వెర్ప్‌లోని హెర్మన్ టైర్లింక్ స్టూడియోలో ఆయన నటన నేర్చుకున్నారు.

1971లో 'మీరా' అనే సినిమాలో వేశారు. ఏటిమీద వంతెన రావడంతో ఒక పల్లెటూరి బతుకు తలకిందులైన కథ అది. మీరాగా వేసినామె విల్లెకె వాన్ అమ్మెల్‌రోయ్. ఈ పేరు గుర్తుంచుకోండి, మళ్లీ వస్తుంది. హామ్మె అనే ఊళ్లో ఆ షూటింగు జరిగిన వంతెనకు 'మీరా వంతెన' అనే పేరు స్థిరపడిపోయింది. 1976లో డచ్చి టెలివిజన్ ధారావాహికలో, సముద్రం ఒడ్డుకు చేర్చిన వస్తువులు ఏరుకునే సిల్ అనే మనిషిగా కనిపించారు.

ఇక 1992 సంగతి వినండి. ఆ ఏడాది వచ్చిన 'దాన్స్' సినిమాలో ఆయన ఫాదర్ ఆడాల్ఫ్ దాన్స్. ఈ పాదిరీ కల్పిత పాత్ర కాదు. ఆల్స్ట్ పట్టణంలో బట్టల మిల్లుల్లో ఆడవాళ్లూ, పసిపిల్లలూ యంత్రాల మధ్య నలిగిపోతుంటే వాళ్ల తరఫున నిలబడి, 1894లో పార్లమెంటుకు ఎన్నికైన మనిషి. అప్పుడక్కడ ఫ్రెంచి దొరల భాష, డచ్చి కూలిజనం భాష. మతపెద్దలే ఆయనకు ఎదురు తిరిగారు. ఆ కోపాన్నీ, కడుపులోని దుఃఖాన్నీ డెక్లైర్ కళ్లల్లో చూపించారు. ఆ సినిమా ఆస్కార్ పోటీదాకా వెళ్లింది.

ఆ ఏడాదే పిల్లల టెలివిజన్‌లో ఆయన సింటర్‌క్లాస్ తాత! డిసెంబరు 6న అక్కడి పిల్లలకు కానుకలు తెచ్చే తెల్లగడ్డం తాతయ్య అన్నమాట. పిల్లలు బూట్లు పెట్టి, ఆయన గుర్రానికి కారెట్టు కూడా ఉంచి ఎదురు చూస్తారు.

1995లో 'ఆంటోనియా' వచ్చింది. అందులో ఆయన అయిదుగురు కొడుకులున్న రైతు. నా పిల్లలకు తల్లి కావాలి, పెళ్లి చేసుకుందామంటాడు. మీ పిల్లలు నాకక్కర్లేదని ఆంటోనియా తేల్చి చెబుతుంది. అతను అలగడు, ఆమె స్నేహాన్నే గౌరవంగా అందుకుంటాడు. ఆంటోనియా ఎవరనుకున్నారు? 24 ఏళ్ల కిందటి మీరాయే! ఈ చిత్రానికి 1996లో ఆస్కార్ వచ్చింది. ఉత్తమ విదేశీ భాషా చిత్రం బహుమతి ఒక మహిళ తీసిన సినిమాకు రావడం అదే మొదలు. ఆ దర్శకురాలు మార్లీన్ గోరిస్.

ఆ మెత్తని రైతే 1997లో వచ్చిన 'కరాక్టర్'లో రోటర్‌డామ్ కోర్టు అమీనా ద్రేవర్‌హావెన్. పేదల సామాను జప్తుచేసి, వాళ్లను వీధిలో నిలబెట్టే రాతిగుండె మనిషి. ఇంట్లో పనిచేసిన యువతిని చెరిచి, తరవాత పెళ్లాడమని కబురుమీద కబురు పంపుతాడు. ఆమె ఒప్పుకోదు, బిడ్డను ఒంటిచేత్తో పెంచుతుంది. చిత్రమేమిటంటే, అంతటి కర్కోటకుడిలోనూ ఏదో వెలితి ఉందని మనకు తోస్తుంది. దీనికీ 1998లో ఆస్కార్ వచ్చింది.

2003లో 'డె జాక్ అల్జీమర్'లో మతిమరుపు జబ్బు పట్టిన కిరాయి హంతకుడు. పిల్లను మాత్రం చంపనంటాడు. మరిచిపోతానేమోనని చేతిమీద రాసుకుంటాడు. ఇళ్లల్లో పెద్దవాళ్లను ఆ స్థితిలో చూసుకున్నవాళ్లకు ఆ తడబాటు ఎంత నిజమో తెలుస్తుంది. 2022లో ఇంగ్లీషులో దీన్ని 'మెమరీ' పేరుతో మళ్లీ తీశారు. అందులో ఆ వేషం లియామ్ నీసన్ వేశారు.

చూశారా! చిన్న భాష గదా అని ఆయన చిన్నబుచ్చుకోలేదు. తన భాషలోనే మాట్లాడితే లోకమే వచ్చి విన్నది. సింటర్‌క్లాస్ తాతను చూసి మురిసిన పిల్లలే పెద్దయ్యాక ఆ అమీనాను చూసి వణికారంటే, అంతకంటే బిరుదేముంటుంది?

ఇకమీదట సినిమాకు వెళ్లినప్పుడు హీరో పక్కన నిలబడ్డ ఆ పెద్దాయన పేరు కూడా అడిగి తెలుసుకోండి. పిల్లలకూ చెప్పండి.