ముగ్గురూ సమానమే: స్వీడన్ జాజ్ బ్యాండ్ ఇ.ఎస్.టి. కథ

ఈ ఎపిసోడ్‌లో ఒక చిన్న బ్యాండ్ గురించి మాట్లాడుకుందాం. సభ్యులు ముగ్గురే. పాట పాడేవాళ్ళు లేరు. ఊరు స్వీడన్‌లో. పేరు ఇ.ఎస్.టి., అంటే ఎస్బ్యోర్న్ స్వెన్సన్ ట్రియో. జాజ్ మనకెందుకులే అని పక్కకి తోసెయ్యకండి. ఒక గుంపులో ఎవరు ముందు, ఎవరు వెనక అనే గొడవ కాలేజీ బ్యాండ్ నుంచి స్టార్టప్ దాకా అన్నిచోట్లా ఉంటుంది కదా, ఇది కూడా ఆ కథే.

ముందు మనుషుల్ని పరిచయం చేస్తాను. ఎస్బ్యోర్న్ స్వెన్సన్ పియానో. 1964లో వెస్టెరోస్‌లో పుట్టాడు. డ్రమ్స్ వాయించే మాగ్నస్ ఓస్ట్రోమ్ అతనికి చిన్నప్పటి స్నేహితుడు. 1993లో బేస్ వాయించే డాన్ బెర్గ్‌లుండ్ వచ్చి కలిశాడు. ఆ ఏడాదే మొదటి ఆల్బమ్. అక్కడి నుంచి 15 ఏళ్ళు ఒక్క మనిషి కూడా మారలేదు. జాజ్‌లో ఇది మామూలు విషయం కాదు. అక్కడ ఈ రాత్రి ఒకరితో, రేపు ఇంకొకరితో వాయించడమే అలవాటు.

ఇప్పుడు అసలు పాయింట్. పియానో, బేస్, డ్రమ్స్ కలిస్తే దాన్ని పియానో ట్రియో అంటారు. మన కచేరీ భాషలో చెప్పాలంటే, చాలా ట్రియోల్లో పియానో ప్రధాన వాద్యం, మిగతా రెండూ పక్కవాద్యాలు. మధ్యలో తనియావర్తనం లాగా డ్రమ్స్‌కి కాసేపు అవకాశం ఇస్తారు, మళ్ళీ పియానో ముందుకొచ్చేస్తుంది. ఈ పద్ధతిని కదిలించినవాళ్ళు అంతకుముందు లేకపోలేదు. 1960 ప్రాంతంలో అమెరికాలో బిల్ ఎవాన్స్ ట్రియో ముగ్గురూ సంభాషించుకున్నట్టు వాయించింది. ఇ.ఎస్.టి. ఆ దారినే పట్టుకుని ఇంకొంత దూరం వెళ్ళింది.

ఎలాగంటే, బెర్గ్‌లుండ్ తన పెద్ద చెక్క బేస్‌ని కమానుతో లాగుతూ, ఎలక్ట్రిక్ గిటార్‌కి వాడే డిస్టార్షన్ పెట్టేవాడు. కళ్ళు మూసుకుని వింటే రాక్ గిటార్ అనుకుంటారు. ఓస్ట్రోమ్ డ్రమ్స్‌లో క్లబ్ మ్యూజిక్ దరువు వినిపిస్తుంది. స్వెన్సన్ ఒక్కోసారి మెట్లు వదిలేసి, పియానో లోపలి తీగల్ని నేరుగా మీటేవాడు. వేదిక మీద లైట్లు, పొగ, అంతా రాక్ షో లాగే. అందుకే జాజ్ పేరు చెబితే పారిపోయే కుర్రాళ్ళు కూడా వచ్చి విన్నారు.

పేరు విషయం కూడా చూడండి. మొదట్లో స్వెన్సన్ పేరు పూర్తిగా ఉండేది. తర్వాత కవర్ల మీద మూడు పొడి అక్షరాలే మిగిలాయి. ట్యూన్ల క్రెడిట్ కూడా ముగ్గురికీ కలిపి ఇవ్వడం మొదలుపెట్టారు. తన పేరుతో నడుస్తున్న బ్యాండ్‌లో తన పేరునే చిన్నది చేసుకోవడం ఎంతమందికి చేతనవుతుంది చెప్పండి?

1999లో వచ్చిన ఆల్బమ్ వాళ్ళని స్వీడన్ దాటించింది. ‘ఫ్రమ్ గగారిన్స్ పాయింట్ ఆఫ్ వ్యూ’ దాని పేరు. 1961లో మొదటిసారి అంతరిక్షంలోకి వెళ్ళిన యూరీ గగారిన్ ఉన్నాడు కదా, ఆయన చూపులోంచి అన్నమాట. జర్మనీకి చెందిన యాక్ట్ కంపెనీ దాన్ని యూరప్ అంతా తీసుకెళ్ళింది. 2006 మే నెలలో అమెరికా జాజ్ పత్రిక డౌన్‌బీట్ వీళ్ళని ముఖచిత్రంగా వేసింది. ఒక యూరప్ జాజ్ బ్యాండ్‌కి ఆ చోటు దక్కడం అదే మొదలు. జాజ్ పుట్టింది అమెరికాలో. బయటివాళ్ళు నేర్చుకోవడమే గానీ నేర్పేదేముంటుంది అనే మాట ఉండేది. ఆ ముఖచిత్రం దానికొక జవాబు.

2007 జనవరిలో వాళ్ళు సిడ్నీలోని 301 అనే స్టూడియోకి వెళ్ళారు. ముందుగా రాసుకున్నది పెద్దగా ఏమీ లేకుండా, రెండు రోజులు అప్పటికప్పుడు తోచింది వాయించారు. అందులోంచి ‘ల్యూకోసైట్’ తయారైంది. అది విడుదల కాకముందే, 2008 జూన్ 14న, స్టాక్‌హోమ్ దగ్గర సముద్రంలో స్కూబా డైవింగ్ చేస్తూ స్వెన్సన్ చనిపోయాడు. వయసు 44. ఆల్బమ్ ఆ సెప్టెంబర్‌లో వచ్చింది.

మిగతా ఇద్దరూ ఏం చేశారన్నది నాకు ఈ కథలో అన్నిటికంటే నచ్చిన భాగం. ఇంకో పియానో కళాకారుణ్ణి తెచ్చుకుని అదే పేరుతో టూర్లు చేయొచ్చు. పేరుంది, జనం ఉన్నారు, డబ్బూ వస్తుంది. వాళ్ళు అలా చేయలేదు. బెర్గ్‌లుండ్ టోన్‌బ్రుకెట్ అనే వేరే బ్యాండ్ పెట్టుకున్నాడు. ఓస్ట్రోమ్ 2011లో తన సొంత ఆల్బమ్ తెచ్చి, అందులో స్నేహితుడి కోసం ఒక ట్యూన్ పెట్టాడు. దాంట్లో బెర్గ్‌లుండ్ కూడా వాయించాడు. సిడ్నీలో మిగిలిపోయిన రికార్డింగుల్లోంచి 2012లో ‘301’ వచ్చింది. ముగ్గురూ సమానం అన్న మాటకి అసలు అర్థం అప్పుడు తెలిసింది. ముగ్గురిలో ఒకరు లేకపోతే ఆ బ్యాండ్ లేదు, అంతే.

ఇంకొక్క విషయం. స్వెన్సన్ పోవడానికి కొద్ది వారాల ముందు, ఇంట్లో ఒంటరిగా పియానో వాయిస్తూ రికార్డ్ చేసుకున్నాడు. అది ఒక హార్డ్ డ్రైవ్‌లో ఉండిపోయింది. ఏళ్ళ తర్వాత ఆయన భార్య అది విని, బ్యాండ్‌కి పనిచేసిన సౌండ్ ఇంజనీర్ దగ్గరికి తీసుకెళ్ళారు. 2022లో ‘హోమ్.ఎస్.’ పేరుతో తొమ్మిది ట్యూన్లుగా విడుదలైంది. ఆయన వాటికి పేర్లు పెట్టలేదు, అందుకని ఆల్ఫా, బీటా అంటూ గ్రీకు అక్షరాలు పెట్టారు.

చనిపోయిన మనిషి విడుదల చేయనిదాన్ని మనం వినొచ్చా అని నన్నడిగితే, సులువైన జవాబు లేదు. అయితే దానిమీద ఇ.ఎస్.టి. అని వేయలేదు, ఆయన ఒక్కడి పేరే వేశారు. ఆ నిజాయితీ వల్లే నేను విన్నాను. మీరు మొదలుపెట్టాలనుకుంటే మాత్రం ‘గగారిన్’ ట్యూన్‌తో మొదలుపెట్టండి. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, మొదటిసారి బేస్‌ని మాత్రమే వినండి. రెండోసారి డ్రమ్స్. మూడోసారి పియానో. అప్పుడు ఎవరు ముందున్నారో కామెంట్లలో చెప్పండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.