డోలోత్సవం: కళింగ వసంతానికి తెలుగు బంధుత్వం

కోస్తాలో చాలాచోట్ల వసంతం ఉగాది పచ్చడితో, రామనవమి పందిళ్లతో వస్తుంది. శ్రీకాకుళం జిల్లా గార మండలం శ్రీకూర్మంలో ఆ సందడి ఫాల్గుణ పున్నమికే మొదలవుతుంది. కామదహనం, పడియ, డోలోత్సవం అంటూ మూడు రోజుల పండుగ. కూర్మనాథుడు డోలామండపానికి ఊరేగి వస్తాడు. జనం రంగులు చల్లుకుంటారు.

ఈ తేడా వెనక కళింగ చరిత్ర ఉంది. గంగరాజుల కళింగనగరం నేటి ముఖలింగమేనని చరిత్రకారుల మాట. చోడగంగదేవుడు (1078–1147) ఉత్కళాన్ని గెలిచి పూరీ జగన్నాథాలయ నిర్మాణానికి పూనుకున్నాక శ్రీకూర్మం, సింహాచలం, పూరీ ఒకే రాజ్యపు క్షేత్రాలయ్యాయి. మధ్వాచార్యుల శిష్యుడు నరహరితీర్థులు గంగరాజుల తరఫున ఈ ప్రాంతంలో అధికారం నెరిపారు. శ్రీకూర్మంలో ఆయన యోగానంద నరసింహాలయం కట్టించిన సంగతిని 1281 నాటి శాసనం చెబుతోంది. 1510 ప్రాంతంలో దక్షిణయాత్రకు బయలుదేరిన చైతన్యుడూ ఇక్కడ ఆగాడు. ఆయన పుట్టింది 1486 ఫాల్గుణ పున్నమినాడే. గౌడీయ వైష్ణవులకు అది మరింత పెద్ద పండుగ కావడానికి కారణం ఇదే.

రాజుల పండుగ జనం పండుగ ఎలా అయిందో సింహాచలంలో తెలుస్తుంది. విజయనగరం పూసపాటి వారు ధర్మకర్తలుగా ఉన్న ఆ క్షేత్రంలో డోలోత్సవమంటే పెళ్లిచూపులు. అప్పన్న కొండ దిగి, తోబుట్టువు పైడితల్లమ్మ దగ్గరకు వచ్చి, మేనకోడలిని ఇమ్మని అడుగుతాడట. చైత్ర శుద్ధ ఏకాదశికి కల్యాణం. వైష్ణవ డోలకు గ్రామదేవతతో ఇలా మేనరికం కలిసింది.

1936లో ఒరిస్సా రాష్ట్రం ఏర్పడి గంజాం జిల్లా రెండుగా చీలింది. 1948 చట్టంతో జమీందారీలు పోయాయి. ఆలయాల ఆలనాపాలనా దేవాదాయ శాఖ చూస్తోంది. పండుగ మాత్రం ఆగలేదు.

ఫిన్లాండు వసంతోత్సవం వప్పుదీ ఇలాంటి నడకే. వాల్పుర్గా అనే సాధ్వి పేరు మీద వచ్చిన ఆ పండుగలో ఏప్రిల్ 30న హెల్సింకీ విద్యార్థులు హావిస్ అమాండా విగ్రహానికి తెల్లటోపీ పెడతారు. మర్నాడు మే డే, కార్మికుల ఊరేగింపులు. అక్కడ చదువూ శ్రమా వచ్చి చేరాయి, ఇక్కడ చుట్టరికం వచ్చి చేరింది. పండుగను మొదలుపెట్టింది గుడీ రాజ్యమూ కావచ్చు. రాజ్యాలు మారినా అది నిలిచిందంటే, జనం దాన్ని తమ ఇంటి శుభకార్యాల లెక్కలో వేసుకున్నందువల్లే.