ఏడు స్వరాల భాష

కర్ణాటక సంగీతంలో స్వరాక్షరమనే ముచ్చట ఒకటుంది. సాహిత్యంలో ఏ అక్షరం వస్తే ఆ పేరుగల స్వరమే ధాతువులోనూ పడేటట్టు వాగ్గేయకారుడు కూర్చడం. తెలుగు దీనికి బాగా లొంగుతుంది. పని, మరి, దారి, గని, పాప, మామ, గరిమ, నిగమ - ఇవన్నీ అటు మాటలూ అవుతాయి, ఇటు స్వరాలూ అవుతాయి. తంజావూరులోనో మైసూరులోనో పాఠం చెప్పించుకున్న మనవాళ్లకు ఈ సంగతి కొత్త కాదు. కాని ఇది అలంకారమే తప్ప భాష కాదు. వీణ మీద పంచమమూ నిషాదమూ మీటితే వినేవారికి 'పని' అన్న అర్థం తోచదు.

తోచేటట్టు చేయవచ్చునని నమ్మి, ఆ నమ్మకానికి జీవితాన్ని ధారపోసిన సంగీతం మాస్టరు ఒకడు ఫ్రాన్సు దేశంలో ఉండేవాడు. పేరు ఫ్రాన్స్వా స్యూద్ర్. 1787లో దక్షిణ ఫ్రాన్సులోని ఆల్బీ పట్టణంలో పుట్టాడు. పారిసు సంగీత కళాశాలలో చదివి, కొన్నాళ్లు తులూజ్ ప్రాంతంలో పాఠాలు చెప్పుకుని, తిరిగి పారిసు చేరాడు. మొదట ఆయన తలపెట్టింది సైన్యానికి పనికివచ్చే ఉపాయం. బాకా మీద కొన్ని స్వరాలు ఊది, దూరాన ఉన్న దళానికి ఆజ్ఞలు అందించడం. ఈ పద్ధతికి ఆయన 'టెలిఫొనీ' అని పేరు పెట్టుకున్నాడు. గ్రాహంబెల్‌కు టెలిఫోను మీద పేటెంటు దొరికింది 1876లో. అంటే యంత్రం పుట్టడానికి ఎన్నో ఏళ్ల ముందే ఆ మాట ఒక వయొలిన్ పంతులు నోట పుట్టిందన్నమాట! సైన్యంవారు పరీక్షలు జరిపారు, మెచ్చుకున్నారు, వాడుకలో మాత్రం పెట్టలేదు.

ఆయన అక్కడితో ఆగలేదు. ఆజ్ఞలు చెప్పగలిగినప్పుడు సమస్తమూ ఎందుకు చెప్పకూడదు? దొ, రె, మి, ఫ, సొల్, ల, సి - పాశ్చాత్యుల ఈ ఏడు స్వరాలే ఏడు అక్షరాలుగా లోకానికంతటికీ ఒక భాష కట్టడం మొదలుపెట్టాడు. దాని పేరు సొల్‌రెసొల్. ఆ భాషలో ఆ మాటకు అర్థం 'భాష' అనే. ఒకటి మొదలు నాలుగు స్వరాల దాకా కూర్చితే సుమారు 2,660 మాటలు వచ్చాయి. అవును అనడానికి సి, కాదు అనడానికి దొ. 'నేను' దొరె, 'నీవు' దొమి. మాటను వెనుకనుంచి ముందుకు తిప్పితే అర్థమూ తిరగబడుతుంది. దొమిసొల్ దేవుడు, సొల్‌మిదొ సైతాను.

దీన్ని మన స్వరాల్లోకి మార్చి చూస్తే మంచి కాలక్షేపం. 'నేను నిన్ను ప్రేమిస్తున్నాను' అనడానికి స్యూద్ర్ భాషలో దొరె మిలసి దొమి. మన లెక్కలో అది 'సరి గదని సగ' అవుతుంది! దేవుడి పేరు స-గ-ప, అంటే శంకరాభరణం మొదటి పాఠంలోనే వినబడే పొందిక. మంచికి మిసొల్, దాన్ని తిప్పితే చెడుగుకు సొల్‌మి. అదేమో మనకు అచ్చంగా 'పగ'! స్యూద్ర్‌కు తెలుగు తెలిసి ఉండే అవకాశం ఏమీ లేదు. కాకతాళీయమే, కాని ముచ్చటైన కాకతాళీయం.

ఈ భాష చెవికి మాత్రమే కట్టుబడి ఉండలేదన్నదే అసలు విశేషం. మాట్లాడవచ్చు, పాడవచ్చు, ఈల వేయవచ్చు, ఏ వాద్యం మీదనైనా పలికించవచ్చు. ఏడు స్వరాలకు బదులు ఒకటి నుంచి ఏడు దాకా అంకెలు వేసి రాసుకోవచ్చు. ఇంద్రధనుస్సులోని ఏడు రంగులను వాటికి జతచేస్తే దొ ఎరుపు, సి ఊదా. అప్పుడు జెండాలతోనో లాంతర్లతోనో కంటికి అదే మాట చెప్పవచ్చు. చేతి వేళ్లను చూపితే చెవిటివారికి, వేళ్లను తాకితే గుడ్డివారికి అందుతుంది. చీకట్లో పక్కవాడి అరచేతిలో ప్రేమ మాట చెప్పినా, కొండమీద దీపాలతో చెప్పినా వ్యాకరణం ఒకటే. అక్షరాన్ని శబ్దం నుంచి విడదీసి ఇన్ని ఇంద్రియాలకు పంచిపెట్టాలన్న ఊహ ఆ కాలానికి చిన్నది కాదు.

స్యూద్ర్ ఊరూరా ప్రదర్శనలు ఇచ్చాడు. సభలో ఎవరైనా ఒక వాక్యం ఇస్తే ఆయన దాన్ని వయొలిన్ మీద వాయించేవాడు, శిష్యులు విని అర్థం చెప్పేవారు. విక్టర్ హ్యూగో, హంబోల్ట్ వంటి పెద్దలు మెచ్చుకున్నారు. 1855లో పారిసు ప్రదర్శనశాలలో 10,000 ఫ్రాంకుల బహుమానం, 1862లో లండనులో పతకం వచ్చాయి. ఆ 1862లోనే ఆయన కన్నుమూశాడు. పుస్తకం అచ్చయింది 1866లో, భార్య పూనికతో. 1902లో గజెవ్‌స్కీ అనే ఆయన వ్యాకరణం ప్రకటించాడు. ఆలోగా 1887లో ఎస్పెరాంటో వచ్చి విశ్వభాష కోరుకునేవారిని తనవైపు లాగేసుకుంది.

ఎందుకు నిలవలేదన్న దానికి ఒక చిక్కు వెంటనే కనబడుతుంది. దొరెమి అంటే రోజు, దొరెఫ వారం, దొరెసొల్ నెల, దొరెల సంవత్సరం. తర్కానికి ఎంతో బాగుంది. చెవికి మాత్రం ఒక్క స్వరం జారితే చాలు, వచ్చే వారం తీరుస్తానన్న అప్పు వచ్చే నెలకు పోతుంది. మామూలు భాషలు దగ్గరి అర్థాలకు దూరపు శబ్దాలను ఇస్తాయి. వారం, నెల, ఏడు - ఒకదాన్ని మరొకటిగా పొరబడడం కష్టం.

అంతకన్నా లోతైన చిక్కు ఇంకొకటి ఉన్నదని నా అభిప్రాయం. చెవిటివారికీ గుడ్డివారికీ భాష ఇస్తానన్నాడు గాని, వారిదగ్గర అప్పటికే ఏమున్నదో ఆయన లెక్కలోకి తీసుకోలేదు. పారిసులో బధిరుల పాఠశాల ఆయన పుట్టకముందే ఉంది. అక్కడి వాళ్లు తమలో తాము నిండైన సంజ్ఞల భాషలో మాట్లాడుకునేవారు. ఆ బడిలో చదివి, అక్కడే పాఠాలు చెప్పిన లారెంట్ క్లెర్క్ అనే బధిరుడు అమెరికా వెళ్లి 1817లో హార్ట్‌ఫర్డ్ పాఠశాల స్థాపనలో పాలుపంచుకున్నాడు. ఆయన వెంట వెళ్లిన సంజ్ఞల జాడ నేటి అమెరికా సంజ్ఞాభాషలో ఉంది. ఫ్రెంచి స్వరాల పేర్లను వేళ్ల మీద లెక్కపెట్టి చూపడం వారికి దేనికి?

అంధుల సంగతి మరీ చిత్రం. స్యూద్ర్ వయొలిన్ పట్టుకుని తిరుగుతున్న రోజుల్లోనే, అదే పారిసులో, లూయీ బ్రెయిల్ అనే కుర్రవాడు 1829లో తన చుక్కల లిపి ప్రకటించాడు. అప్పటికి అతనికి ఇరవై ఏళ్లు. చిన్నప్పుడే చూపు పోయినవాడు, ఆర్గాన్ వాయించే సంగీతజ్ఞుడు. అతనూ అక్షరాలకూ స్వరాలకూ ఒకే గుర్తులు వాడాడు. ఆరు చుక్కలతోనే మాటా పాటా రెండూ రాయవచ్చు. కాని కొత్త భాష కట్టలేదు. ఉన్న భాషకే వేలికొసన దారి వేశాడు. తన బడివారే దాన్ని అధికారికంగా ఒప్పుకున్నది 1854లో, అతను పోయిన రెండేళ్లకు. అంతవరకు ఆ లిపిని మోసినవారు తోటి విద్యార్థులు. వారికి అది అవసరం. సొల్‌రెసొల్‌కు మెచ్చుకున్న పెద్దలు, బహుమానాలు, పతకాలు అన్నీ ఉన్నాయి గాని అది లేకపోతే గడవని మనిషి ఒక్కడూ లేడు.

ఆ చుక్కలు మన దేశానికి వచ్చి 1951లో భారతి బ్రెయిలీగా కుదురుకున్నాయి. రెండు లిపుల మధ్య పిల్లలను పెంచుకుంటున్న మనబోటివారు దాని ఏర్పాటు ఒకసారి చూడదగింది. 'క' అంటే ఎడమ వరుసలో పై చుక్క, అడుగు చుక్క. తెలుగులోనూ అదే, కన్నడంలోనూ అదే, అరవంలో, ఒడియాలో, మరాఠీలో కూడా అదే. హోసూరులో చూపులేని తెలుగు పిల్ల బడిలో అరవ వాచకం తడిమినా, ఇంట్లో తెలుగు కథ తడిమినా 'క' మీద వేలికి తగిలేవి ఆ రెండు చుక్కలే.