సూపర్ మారియో శ్రేణిలోని ఉత్తమ ఆటలు

సూపర్ మారియో అనునది జపాను దేశానికి చెందిన నింటెండో సంస్థ 1985 నుండి రూపొందిస్తున్న ప్లాట్‌ఫారం వీడియో ఆటల శ్రేణి. గట్టు మీది నుండి గట్టు మీదికి దూకుతూ, గోతులు దాటుతూ, ఎదురైన శత్రువులను తొక్కుతూ పాత్రను గమ్యానికి చేర్చవలసిన ఆటలను ప్లాట్‌ఫారం ఆటలు అంటారు. ఎర్ర టోపీ, గుబురు మీసం గల మారియో అనే ప్లంబరు ఈ శ్రేణికి కథానాయకుడు. ఈ శ్రేణిలో ఏ ఆట అన్నింటికన్నా గొప్పది అన్న విషయమై పత్రికలు, విమర్శకులు, ఆటగాళ్ళు అనేక జాబితాలు తయారుచేశారు. వాటిలో పై స్థానాల కొరకు సాధారణంగా పోటీపడేవి సూపర్ మారియో బ్రదర్స్ (1985), సూపర్ మారియో బ్రదర్స్ 3 (1988), సూపర్ మారియో వరల్డ్ (1990), సూపర్ మారియో 64 (1996), సూపర్ మారియో గెలాక్సీ (2007), దాని రెండవ భాగం (2010), సూపర్ మారియో ఒడిస్సీ (2017). పేర్లు దాదాపుగా మారవు. వరుస మాత్రం ఏ కొలబద్దతో కొలిచారన్న దానిని బట్టి మారిపోతుంది.

శ్రేణి పరిధి

మారియో పాత్ర తొలిసారి 1981లో డాంకీ కాంగ్ అనే ఆటలో కనిపించినది. అప్పటికి అతని పేరు జంప్‌మ్యాన్. 1983లో మారియో బ్రదర్స్ వచ్చినది. అయితే ఈ రెండింటినీ సాధారణంగా సూపర్ మారియో శ్రేణిలో లెక్కించరు, ఎందుకనగా అవి ఒకే తెర మీద జరిగే ఆటలు. తెర పక్కకు జరుగుతూ ఉండగా ఒక లోకం గుండా ప్రయాణం చేయటం 1985లో మొదలైనది. కార్ల పందెం, టెన్నిసు వంటి ఇతర మారియో ఆటలు కూడా ఈ లెక్కలోకి రావు. 1995 నాటి యోషీస్ ఐలాండ్ విషయంలో మాత్రం తగవు ఉన్నది. దాని పేరులో సూపర్ మారియో వరల్డ్ 2 అని ఉన్నప్పటికీ అందులో మారియో పసిబిడ్డ. ఆడించేది యోషీ అనే డైనోసారును. కొందరు దీనిని జాబితాలో చేర్చి చాలా పైన నిలుపుతారు, మరికొందరు అసలు చేర్చరు.

కొలమానాలు

అమ్మకాలను బట్టి చూసినచో మొదటి ఆటదే అగ్రస్థానం. సూపర్ మారియో బ్రదర్స్ 4 కోట్లకు పైగా ప్రతులు అమ్ముడుపోయినది. అయితే ఇందులో ఒక కిటుకు ఉన్నది. అమెరికాలో ఆ ఆటను యంత్రంతో పాటు ఒకే పెట్టెలో కలిపి అమ్మారు. కనుక యంత్రం కొన్నవారిలో చాలామందికి ఆట దానంతట అదే వచ్చినది. దాని తరువాత అమ్మకాలలో న్యూ సూపర్ మారియో బ్రదర్స్ (2006), న్యూ సూపర్ మారియో బ్రదర్స్ వీ (2009) చెరి 3 కోట్లు దాటాయి. కానీ ఈ రెండింటినీ ఉత్తమ ఆటల జాబితాలలో మొదటి మూడింటిలో పెట్టేవారు అరుదు. నచ్చి కొనటం వేరు, గొప్పదని తలచటం వేరు అని దీనిని బట్టి తెలియును.

విమర్శకుల మార్కులు రెండవ కొలమానం. సమీక్షల సగటును లెక్కించే మెటాక్రిటిక్ సైటులో గెలాక్సీ, గెలాక్సీ 2, ఒడిస్సీ మూడింటికీ 100కి 97 వచ్చాయి. సూపర్ మారియో 64కు 94 ఉన్నది. ఈ సైటు 2001లో మొదలైనది కాబట్టి 1996 ఆటకు మార్కులు తరువాత సేకరించినవే; 1988, 1990 నాటి ఆటలకు ఈ కొలమానం సరిపోదు. అందువలన కేవలం మార్కులను నమ్మి కట్టిన వరుసలో పాత ఆటలకు అన్యాయం జరుగుతుంది.

మూడవది ప్రభావం. దీనిని అంకెలలో చెప్పలేము. కానీ మొదటి ఆటనూ, సూపర్ మారియో 64నూ పైకి లేపేది ఇదే.

సూపర్ మారియో బ్రదర్స్ (1985)

షిగేరు మియమోతో, తకాషి తెజుకా ఈ ఆటను రూపొందించగా కోజి కోండో సంగీతం సమకూర్చాడు. 1985 సెప్టెంబరు 13న జపానులో ఫ్యామికామ్ యంత్రం కొరకు విడుదలైనది. 8 ప్రపంచాలు, ఒక్కొక్క దానిలో 4 స్టేజీలు, వెరసి 32. ఇదంతా కేవలం 40 కిలోబైట్లలో ఇమిడినది. చోటు ఆదా చేయుటకు మేఘాలకు, పొదలకు ఒకే బొమ్మను వాడి రంగు మాత్రం మార్చారు.

ఈ ఆట యొక్క గొప్పతనం మొదటి స్టేజీలోనే తెలుస్తుంది. ఎలా ఆడాలో చెప్పే సూచన ఒక్కటి కూడా తెర మీద ఉండదు. మారియో ఎడమవైపు నిలబడి ఉంటాడు, కుడివైపు అంతా ఖాళీ; కనుక అటు వెళ్ళాలని అర్థమవుతుంది. కాస్త దూరంలో గూంబా అనే శత్రువు నడిచివస్తుంది. దూకకపోతే చస్తారు, దూకితే దాని మీద పడి దానిని నలిపివేయవచ్చునని తెలుస్తుంది. ప్రశ్న గుర్తు ఉన్న పెట్టెను తలతో కొట్టగా పుట్టగొడుగు బయటికి వస్తుంది. అది కుడికి జారి, గొట్టానికి తగిలి వెనుకకు తిరిగి మారియో వైపే వస్తుంది. శత్రువనుకొని తప్పించుకోబోయినవారికి కూడా పైన ఉన్న ఇటుకల వలన అది తగులుతుంది, మారియో పెద్దవాడవుతాడు. పాఠం చెబుతున్నట్లు తెలియకుండా పాఠం చెప్పిన ఈ పద్ధతిని ఆటల రూపకల్పన గురించి మాట్లాడేవారు ఇప్పటికీ ఉదహరిస్తారు.

లోపాలు లేకపోలేదు. ముందుకు సాగిన తెర వెనుకకు రాదు. కోట స్టేజీలు కొన్ని దారి తెలియనివారిని తిప్పినచోటే తిప్పుతాయి. తరువాతి ఆటలతో పోల్చినచో వైవిధ్యం తక్కువ. అందుకే దీనికి ప్రథమ స్థానం ఇచ్చేవారు చరిత్రను చూసి ఇస్తారు. 2015లో ప్రపంచ వీడియో ఆటల హాల్ ఆఫ్ ఫేమ్ ఎంచుకున్న తొలి ఆరు ఆటలలో ఇది ఒకటి. కోండో కూర్చిన ప్రధాన బాణీ 2023లో అమెరికా జాతీయ ధ్వనిముద్రణల పట్టికలో చేరినది. ఆ గౌరవం పొందిన తొలి వీడియో ఆట సంగీతం ఇదే.

రెండవ ఆట చిక్కు

రెండవ ఆటలు నిజానికి రెండు. 1986లో జపానులో వచ్చినది మొదటి ఆట వలెనే ఉండి మిక్కిలి కఠినమైనది; తింటే ప్రాణం తీసే విషపు పుట్టగొడుగు కూడా అందులో ఉన్నది. అమెరికా ఆటగాళ్ళకు ఇది తగదని భావించి, 1987 నాటి యుమె కోజో: డోకి డోకి పానిక్ అనే వేరొక ఆటలోని పాత్రలను మార్చి 1988లో అక్కడ సూపర్ మారియో బ్రదర్స్ 2గా విడుదల చేశారు. ఇందులో శత్రువులను తొక్కితే చావరు; భూమిలోని దుంపలను పెరికి వారి మీదికి విసరాలి. ఇది జాబితాలలో మధ్యలో నిలుస్తుంది. జపాను ఆటకు అంతకంటే తక్కువ స్థానమే దక్కుతుంది.

మూడవ ఆట, వరల్డ్

పక్క చూపు గల ఆటలలో ఉత్తమమైనది ఏది అన్న వాదన ఎక్కువగా ఈ రెండింటి మధ్యనే జరుగుతుంది. సూపర్ మారియో బ్రదర్స్ 3 జపానులో 1988 అక్టోబరులో వచ్చినది. అమెరికాకు 1990లో గానీ చేరలేదు. తెర లేవటంతో మొదలయ్యే ఈ ఆట ఒక నాటక ప్రదర్శన వలె అలంకరించబడినది. ప్రతి ప్రపంచానికి ఒక పటం, ఎడారి, మంచు, ఆకాశం వంటి భిన్నమైన సీమలు, ఎగరటానికి ఆకు, ఈదటానికి కప్ప వేషం – ఇలా కొత్త ఆలోచనలు కుప్పలుగా ఉన్నవి. ఒక బూటులోకి ఎక్కి గెంతుకుంటూ పోయే సరదా ఆట మొత్తం మీద ఒకే ఒక స్టేజీలో ఉన్నది. మరొకరైతే ఆ ఒక్క ఆలోచనతో ఆట సగం నింపేవారు. అయితే ఆటను మధ్యలో భద్రపరచుకొనే వీలు లేదు. 8 ప్రపంచాలను ఒకే కూర్పున ముగించాలి, లేదా మంత్రపు పిల్లనగ్రోవితో కొన్నింటిని దాటవేయాలి.

1990 నవంబరు 21న జపానులో సూపర్ ఫ్యామికామ్ యంత్రంతో పాటు వచ్చిన వరల్డ్ ఈ లోపాన్ని సరిదిద్దినది. స్టేజీలకు రహస్య ద్వారాలు పెట్టి, మొత్తం 96 నిష్క్రమణ మార్గాలను ఒకే పెద్ద పటంలో కలిపారు. మారియోను డైనోసారు మీద ఎక్కించాలని మియమోతోకు మొదటి ఆట నాటి నుండి ఉన్న కోరిక యోషీతో ఇందులో తీరినది. ఆలోచనల సంఖ్యలో మూడవ ఆటది పైచేయి. లోకాన్ని శోధించే ఆనందంలో, నియంత్రణ నునుపుదనంలో వరల్డ్‌ది పైచేయి. రెండవసారి, మూడవసారి ఆడినప్పుడు కూడా కొత్త దారి దొరకటం వరల్డ్‌లోనే ఎక్కువ కనుక దానికే ఒక మెట్టు ఎక్కువ ఇవ్వటం న్యాయం.

సూపర్ మారియో 64

1996 జూన్ 23న జపానులో విడుదలైన ఈ ఆటతో మారియో త్రిమితీయ లోకంలోకి అడుగుపెట్టాడు. కర్రను కొద్దిగా తోస్తే మెల్లగా నడుస్తాడు, పూర్తిగా తోస్తే పరుగెత్తుతాడు. మూడు వరుస గెంతులు, గోడను తన్ని ఎగరటం, గాలిలో పల్టీ కొట్టి నేలను గుద్దటం అన్నీ ఇందులో కుదిరాయి. 15 ప్రధాన రంగాలు, మొత్తం 120 నక్షత్రాలు. ఆ రంగాలకు ద్వారం యువరాణి కోట. గోడకు వ్రేలాడే చిత్రపటాలలోకి దూకి ఆయా లోకాలకు వెళ్ళాలి. ఏ పనీ లేకుండా ఆ కోట ఆవరణలో గెంతుతూ గంటలు గడిపినవారు ఎందరో. బ్రిటన్‌లోని ఎడ్జ్ పత్రిక పదికి పది మార్కులు ఇచ్చిన తొలి ఆట ఇదే.

దీని మీద వచ్చే ప్రధానమైన ఫిర్యాదు కెమెరా. మేఘం మీద కూర్చున్న లకిటు కెమెరా పట్టుకొని వెంట తిరుగుతున్నట్లు చూపటం చక్కని ఊహయే. కానీ అది గోడలకు తట్టుకుంటుంది, కావలసిన కోణం వెంటనే దొరకదు. 1996లో దీనిని ఆడినవారు ప్రథమ స్థానం ఇస్తారు. తరువాతి ఆటలకు అలవాటుపడి తొలిసారి దీనిని ముట్టినవారు కొంత విసుగు చెందుతారు. ఇద్దరి మాటా నిజమే.

గెలాక్సీ, ఒడిస్సీ

యోషియాకి కొయిజుమి దర్శకత్వంలో 2007 నవంబరులో వీ యంత్రానికి వచ్చిన గెలాక్సీ కెమెరా సమస్యకు ఒక విచిత్రమైన పరిష్కారం చూపినది. లోకాన్ని చిన్న చిన్న గుండ్రని గ్రహాలుగా చేయగా, ఎటు నడిచినా మళ్ళీ మొదటి చోటికే వస్తారు; దారి తప్పే ప్రసక్తి తగ్గిపోయినది. గురుత్వాకర్షణ ఒక్కొక్క గ్రహానిది ఒక్కొక్క దిక్కు. వాద్యబృందంతో వినిపించిన సంగీతం మరొక ఆకర్షణ. 2010 నాటి గెలాక్సీ 2లో స్టేజీలు ఇంకా పదునుగా ఉన్నాయి గానీ కథ, వాతావరణం పలుచబడినవి. 2020లో వచ్చిన మూడు ఆటల సంకలనంలో దీనికి చోటు దక్కలేదు. 2025 అక్టోబరులో మాత్రమే స్విచ్ యంత్రానికి చేరినది. అందుబాటులో లేని ఆట జాబితాలో క్రిందికి జారటం సహజం.

2017 అక్టోబరు 27న విడుదలైన ఒడిస్సీలో మారియో తన టోపీని విసిరి కప్పగా, తూటాగా, డైనోసారుగా కూడా మారగలడు. ప్రాణాల లెక్క తీసివేసి, చచ్చినప్పుడు 10 నాణేలు మాత్రం పోయేటట్లు చేశారు. 800కు పైగా ఉన్న చంద్రశకలాలలో కొన్ని వట్టి లెక్క కోసం పెట్టినట్లుంటాయి. కదలికల స్వేచ్ఛలో మాత్రం దీనిని మించిన మారియో ఆట లేదు.

మిగిలినవి

2002 నాటి సన్‌షైన్ గురించి అభిప్రాయాలు తీవ్రంగా చీలిపోయాయి. నీళ్ళు చిమ్మే పరికరం కొందరికి ప్రీతిపాత్రం. కానీ అదే పరికరం లేకుండా ఆడవలసిన కఠిన స్టేజీలే దానిలో ఉత్తమమైనవని చెప్పేవారు అనేకులు. 2023 అక్టోబరులో వచ్చిన సూపర్ మారియో బ్రదర్స్ వండర్ పక్క చూపు ఆటలకు మరల ప్రాణం పోసినది. స్టేజీ మధ్యలో ఒక పువ్వును తాకగానే గొట్టాలు ప్రాకటం, లోకం తలక్రిందులు కావటం వంటి వింతలు జరుగుతాయి.

తెలుగు నాట

1990లలో భారతదేశంలో ఫ్యామికామ్‌కు నకళ్ళయిన చవక యంత్రాలు విస్తారంగా అమ్ముడుపోయాయి. ఆంధ్రదేశంలోని పిల్లలు వీటిని టీవీ గేమ్ అని, ఆటలు ఉన్న కాట్రిడ్జిని క్యాసెట్ అని పిలిచేవారు. వందలు, వేల ఆటలు ఉన్నట్లు క్యాసెట్ మీద రాసి ఉన్నా, లోపల అవే కొన్ని ఆటలు తిరిగి తిరిగి వచ్చేవి. వాటిలో సూపర్ మారియో బ్రదర్స్ తరచుగా ఉండేది. తరువాతి యంత్రాలు ఖరీదు కావటం వలన వరల్డ్, 64 వంటివి ఇక్కడ బహు కొద్దిమందికే చేరాయి. ఆ తరం తెలుగువారిలో చాలామందికి మారియో అంటే 1985 నాటి మొదటి ఆటయే. అందులోనూ నాలుగవ స్టేజీ కోటలో రాక్షసుణ్ణి గెలిచి, యువరాణి వేరొక కోటలో ఉన్నదని తెలుసుకొని ఉసూరుమన్నవారే ఎక్కువ.