అరచేతి తెర మీద సముద్రం

హైదరాబాద్‌లో ఫోన్ గేములకు బొమ్మలు గీయడం నా ఉద్యోగం. అందుకేనేమో, 'ఫైండింగ్ నీమో' మాట వస్తే నా మనసు సినిమా కన్నా ముందు గేమ్ బాయ్ అడ్వాన్స్ అనే చేతి యంత్రం కోసం చేసిన దాని ఆట మీదికి పోతుంది.

పిక్సార్ స్టూడియో తీసిన ఆ చేపల యానిమేషన్ సినిమా 2003 మే 30న అమెరికాలో విడుదలైంది. దర్శకుడు ఆండ్రూ స్టాంటన్. పిక్సార్ చిత్రకారులు సముద్రంలో మునిగి చూసొచ్చారు, చేపల కదలికలు నేర్పడానికి ఆడమ్ సమ్మర్స్ అనే శాస్త్రవేత్తను పిలిపించుకున్నారు. తీరా కంప్యూటర్‌లో పరీక్షకు చేసిన నీళ్లు అచ్చం నిజం నీళ్లలా వచ్చేసరికి, కార్టూన్ చేపలకు అవి పొసగవని ఆ నిజత్వాన్ని కాస్త తగ్గించుకున్నారు. ఎంత వైభోగం!

ఆటను అదే మే నెలలో టీహెచ్‌క్యూ అనే గేముల ప్రచురణ సంస్థ అమ్మకానికి పెట్టింది. టీవీకి తగిలించే కన్సోళ్ల పని ఇంగ్లండ్‌లోని ట్రావెలర్స్ టేల్స్‌ది, చేతి యంత్రం పని న్యూయార్క్ రాష్ట్రంలోని వికేరియస్ విజన్స్‌ది. ఈ రెండో కంపెనీని 1991లో, ఇంకా హైస్కూల్లో ఉండగానే మొదలుపెట్టింది కార్తీక్ బాల, గుహ బాల అనే భారతీయ మూలాలున్న అన్నదమ్ములు. మా ఆఫీసులో ఈ సంగతి చెబితే సగం మంది నమ్మలేదు.

ఆ యంత్రం తెర 240 చుక్కల వెడల్పు, 160 చుక్కల ఎత్తు. 32 వేల పైచిలుకు రంగులు చూపగలదు గానీ తెరకు సొంత వెలుగు లేదు. కిటికీ పక్కనో ట్యూబ్‌లైటు కిందో కూర్చుని ఆడాల్సిందే. లోతు నీళ్ల నీలం వేస్తే నల్లటి మరకే కనిపించేది. అందుకని ఆ రోజుల్లో చాలామంది రంగుల్ని కావాలనే లేతగా, కాస్త వెలిసినట్టు వేసేవారు. లైటు పెట్టిన ఎస్పీ మోడల్ 2003 తొలి నెలల్లో వచ్చింది. అప్పటికే పాతవి లక్షల మంది పిల్లల చేతుల్లో ఉన్నాయి.

బొమ్మంతా ఎనిమిదికి ఎనిమిది చుక్కల గళ్లతో పేర్చాలి. వెనక పొరను నెమ్మదిగా, ముందు పొరను వేగంగా జరిపితే లోతు వస్తుంది. తెరను గీత గీతగా అటూ ఇటూ జరిపితే నీళ్లు ఊగుతాయి. అంతా కనికట్టే. పిక్సార్ లెక్కల కన్నా నాకు ఇదే ఎక్కువ ముచ్చట.

గడువు మాత్రం సంక్రాంతి ముందు దర్జీకి ఉండేలాంటిది. సినిమా తేదీ కదలదు, ఆట ఆలోపే దుకాణానికి చేరాలి. మేమైతే తప్పుంటే రేపు అప్‌డేట్ పంపుతాం. కార్ట్రిడ్జ్‌లోకి ఎక్కిన తప్పు అందులోనే ఉండిపోతుంది. సినిమా పేరు చెప్పుకుని సొమ్ము చేసుకునే సరుకని ఇలాంటి ఆటల్ని తీసిపారేసేవాళ్లు ఈ సంగతి తలచుకోరు.

ఆ తర్వాత 2005లో వికేరియస్ విజన్స్‌ను యాక్టివిజన్ అనే గేముల కంపెనీ కొనేసింది. 2012 సెప్టెంబరులో నీమో త్రీడీ హంగుతో మళ్లీ థియేటర్లకొచ్చింది. ఆ డిసెంబరులోనే టీహెచ్‌క్యూ దివాలా పిటిషన్ వేసింది.