పేరు తెలియని వీరుడు

తెలుగునాట పల్లెల పొలిమేరలందును, పాతగుళ్ల ముంగిళ్లయందును కత్తియు డాలును ధరించిన యోధుని శిల్పముగల రాళ్లు కానవచ్చుచుండును. ఇవి వీరగల్లులు. ఆలమందను కాచుటకో, ఊరిని నిలుపుటకో పోరాడి పడినవారి గురుతులివి. కొన్నిటిపై శాసనము కలదు. పెక్కింటిపై ఒక్క అక్షరమైనను లేదు. అయినను మన పెద్దలు వానికి మ్రొక్కిరి. పల్నాటి కారంపూడిలోని వీరుల గుడియందు కార్తికమాసాంతమున ఆరాధనము నేటికిని జరుగుచున్నది.

ఐరోపాలో ఇట్టి భావము మొదటి ప్రపంచయుద్ధానంతరము క్రొత్తరూపు దాల్చెను. ఫిరంగుల ధాటికి లక్షలాది సైనికుల దేహములు గుర్తింపరానివయ్యెను. కుమారుడెచ్చట ఒరిగెనో ఎరుగని తల్లికి కన్నీరు విడుచుటకైనను ఒక చోటు లేకపోయెను. అందుచేత 1920 నవంబరు 11వ తేదీన లండనులోని వెస్ట్‌మినిస్టర్ అబీలో, రాజుల సమాధుల నడుమ, పేరు తెలియని ఒక సైనికుని ఖననము చేసిరి. అదే దినమున ఫ్రెంచివారు మరియొకనిని పారిసులోని విజయతోరణము కడకు చేర్చిరి. ఆతడెవరో తెలియదు గనుకనే ప్రతి తల్లియు ఆతడు తన బిడ్డయే అనుకొనుటకు వీలు కలిగెను.

ఆ యుద్ధమున భారతసైనికులు 70 వేలకు పైగా మరణించిరి. వారి స్మృత్యర్థము ఢిల్లీలో ఇండియా గేటునకు 1921లో పునాది వేసి 1931లో ప్రారంభించిరి. 1971 యుద్ధమున విజయము లభించిన పిమ్మట, 1972 జనవరి 26న ప్రధాని శ్రీమతి ఇందిరాగాంధి దాని క్రింద అమర జవాను జ్యోతిని ఆవిష్కరించిరి. నల్లరాతి వేదికపై తలక్రిందుగా నిలిపిన తుపాకి, దానిపై ఇనుపటోపి, నాడు ఉండినది అంతియే. క్రింద దేహము లేకుండెను, పైని పేరు లేకుండెను.

2019 ఫిబ్రవరి 25న ఆ సమీపముననే జాతీయ యుద్ధస్మారకము వెలసెను. స్వాతంత్ర్యానంతరము ప్రాణములర్పించిన 25 వేలకు పైగా వీరుల పేర్లు దాని గోడలపై చెక్కబడినవి. 2022 జనవరి 21న పాత జ్యోతిని ఇచ్చటి జ్యోతితో కలిపిరి. కొందరు హర్షించిరి, యాభై ఏండ్ల జ్యోతి తన నెలవు తప్పెనని కొందరు నొచ్చుకొనిరి. ఏది యెట్లున్నను, పేరులేని వీరునికి మ్రొక్కిన జాతి, పేర్లు తెలిసినవారిని ఒక్కొక్కరినే వ్రాసి ఉంచుటకు కూడ పూనుకొనినది. రెండును ఒకే ఋణము తీర్చు మార్గములు.

ఈ ఋణము ఢిల్లీకి మాత్రమే చెందినది కాదు. తాడేపల్లిగూడెము చెంతనున్న మాధవరము, రెండు ప్రపంచయుద్ధములకును తన బిడ్డలను పంపి మిలిటరీ మాధవరమని పేరొందినది. తన వీరులకు ఊరిలోనే స్మారకము నిలుపుకొన్నది. కామవరపుకోటకు చేరువనున్న గుంటుపల్లి కొండపైనో, పెక్కు చిన్నస్తూపములు ఎవరి స్మృతికి నిలిచినవో నేడు చెప్పగలవారు లేరు. రాయి నిలిచినను, వ్రాత లేనిచో పేరు నిలువదు.

పేరు లేకుండుట వీరుని లోపము కాదు. తెలిసియు వ్రాయనివారి లోపము. సైన్యమునకు వెళ్లినవారి ఉత్తరములు, ఛాయాచిత్రములు, పింఛను కాగితములు ఎందరి ఇండ్లలోనో పెట్టెల అడుగున చెదలుపట్టుచున్నవి. వారి పేరును, ఊరును, చేరిన దళమును, తిరిగివచ్చిన యేటినో రాని సంగతినో పెద్దలు జీవించియుండగనే అడిగి వ్రాసికొనవలెను. అందులకు పాలరాయి అక్కరలేదు. గ్రంథాలయమున ఒక లావుపాటి పుస్తకమును, వ్రాయుటకు ఓపికగల ఒక యువకుడును చాలును.