వాల్మీకి పాత్రలో నాగయ్య: ఆవని నుంచి ఒక పరిశీలన

తెలుగు చలనచిత్ర చరిత్ర ఇంతవరకు ఎక్కువగా నాయికానాయకుల చరిత్రగానే సాగింది. తండ్రిగా, గురువుగా, మునిగా నటించి కథను నిలబెట్టిన సహాయ నటుల కృషి సాధారణంగా ఒకటి రెండు వాక్యాల ప్రస్తావనతో ముగిసిపోతుంది. చిత్తూరు వి. నాగయ్య విషయంలో ఈ లోపం మరీ స్పష్టం. ఆయనను పోతనగా, త్యాగయ్యగా, వేమనగా తలచుకుంటాము; ఆ తరువాతి పాతికేళ్ళను పతనగాథగా చెప్పి ఊరుకుంటాము. ఈ అంచనా సగమే నిజమని మా అభిప్రాయం. 'లవకుశ' (1963)లోని వాల్మీకి పాత్ర ఆధారంగా దానిని పరిశీలిస్తాము.

ఈ పరిశీలనకు ఆవని తగిన చోటు. కోలారు జిల్లా ముళబాగిలు తాలూకాలోని ఈ గ్రామంలో వాల్మీకి ఆశ్రమం ఉండేదనీ, సీత లవకుశులను ఇక్కడే కన్నదనీ స్థలపురాణం. నొళంబుల కాలపు ఆలయ సముదాయంలో రామ, లక్ష్మణ, భరత, శత్రుఘ్నుల పేర్లతో శివాలయాలున్నాయి. కొండమీద సీతకు గుడి ఉంది. 1956 రాష్ట్రాల పునర్విభజనలో ఈ ప్రాంతం మైసూరు రాష్ట్రంలోనే ఉండిపోయినా, ఇక్కడ తెలుగు ఇంటిభాషగా నిలిచింది. ముళబాగిలు నుంచి తూర్పుగా సాగే మద్రాసు రోడ్డు నంగలి, పలమనేరు దాటి చిత్తూరు చేరుతుంది. నాగయ్యకు ఇంటిపేరులా స్థిరపడిన ఊరు అదే.

నాగయ్య 1904లో రేపల్లెలో జన్మించినా, నటుడిగా ఎదిగింది చిత్తూరు నాటకరంగంలో. 'గృహలక్ష్మి' (1938)లో సంఘ సంస్కర్త పాత్రతో చిత్రరంగంలో అడుగుపెట్టారు. అంటే ఆయన తొలి అడుగు కూడా సహాయ పాత్రతోనే పడింది. 'వందేమాతరం' (1939)తో కథానాయకుడయ్యారు. 'భక్త పోతన' (1943), 'త్యాగయ్య' (1946), 'యోగి వేమన' (1947) ఆయన కీర్తికి శిఖరాలు. 'త్యాగయ్య'కు నిర్మాత, దర్శకుడు కూడా ఆయనే. తన పాట తానే పాడుకోగల నటుడికి అది మంచి కాలం.

నేపథ్యగానం స్థిరపడటంతో ఆ పరిస్థితి మారింది. నాయకుడికి గాత్రం అవసరం లేకుండాపోయింది. వయసు పైబడుతున్న గాయక నటుడు క్రమంగా పెద్దల పాత్రలకు జరిగాడు. 'పాండురంగ మహాత్మ్యం' (1957)లో ఎన్.టి. రామారావుకు తండ్రిగా నటించారు. ఆరేళ్ళ తరువాత 'లవకుశ'లో రామారావు రాముడు, అంజలీదేవి సీత, నాగయ్య వాల్మీకి.

సి. పుల్లయ్య, సి.ఎస్. రావు దర్శకత్వం వహించిన ఈ చిత్రం తెలుగులో తొలి పూర్తి నిడివి రంగుల చిత్రం. కథలో వాల్మీకి చేసే పనులు మూడు: అడవిలో విడువబడిన సీతకు ఆశ్రయమివ్వడం, కవలలను పెంచడం, వారికి రామకథ నేర్పి లోకంలోకి పంపడం. తెరమీద పాడేది పిల్లలు, వినబడేది పి. లీల, పి. సుశీలల గాత్రాలు. ఒకనాడు తన గొంతుతోనే పోతనను, త్యాగయ్యను వినిపించిన నటుడు ఇక్కడ పాట నేర్పే గురువు స్థానంలో ఉన్నాడు. కరుణ, నిదానం, తొణకని మాట అనే నాగయ్య లక్షణాలు భక్తుల పాత్రల నుంచి ఈ ముని పాత్రకు అలాగే సంక్రమించాయి. అవి లేకపోతే సీతకు ఆ ఆశ్రమం నమ్మదగిన నీడ అయ్యేది కాదు.

కష్టాలను దాచవలసిన పనిలేదు. 1964లో ఆయన స్వయంగా తీసిన 'రామదాసు' ఆర్థికంగా కలిసిరాలేదు. 1965లో పద్మశ్రీ వచ్చింది, ఇబ్బందులు మాత్రం పోలేదు. 1973 డిసెంబరు 30న మరణించేవరకు చిన్నా పెద్దా వేషాలు వేస్తూనే ఉన్నారు. అవసరం కొద్దీ ఒప్పుకున్న పాత్రలు వాటిలో ఉండవచ్చు. అయితే ఒప్పుకున్న కారణం వేరు, నటించిన తీరు వేరు. ఈ రెంటినీ కలిపివేయడం వల్లనే ఆయన ఉత్తరార్ధం చరిత్రలో చిన్నదైపోయింది.

ఆవని స్థలపురాణంలో వాల్మీకి కథానాయకుడు కాడు. అయినా ఆయన ఆశ్రమం లేనిదే సీతకు చోటులేదు, లవకుశులకు పాట లేదు. సహాయ నటుల చరిత్ర రాసేవారు ఈ కొలతనే తీసుకోవాలని మా మనవి. వేషం ఎంత పెద్దదని కాక, దాన్ని తీసివేస్తే కథలో ఏది కూలిపోతుందని అడగాలి.